సవరణ: టాక్సీ డ్రైవర్ల మెదడు ‘పెరగడం’ గురించి

దారులు గుర్తుపెట్టుకునీ గుర్తుపెట్టుకునీ లండన్ టాక్సీ డ్రైవర్ల హిప్పోక్యాంపస్ (జ్ఞాపకాలను, దారులను చూసుకునే మెదడు భాగం) పెద్దదవుతుందని, 2000లో మెదడు శాస్త్రవేత్త ఎలినార్ మగ్వైర్ బృందం దీన్ని రుజువు చేసిందని మొన్నటి పోస్టులో రాసేశాను. రెండూ సరిచేయాలి.

ఆ స్కాన్లలో హిప్పోక్యాంపస్ మొత్తం సైజులో తేడా లేదు. మామూలువాళ్లతో పోలిస్తే వెనక భాగం పెద్దగా ఉంది, ముందు భాగం చిన్నగా ఉంది. ఈ రెండో ముక్క నేను మింగేశాను.

ఇక రుజువు మాట. అప్పుడు చూసింది ఏళ్ల తరబడి టాక్సీ నడుపుతున్న 16 మందిని. పుట్టుకతోనే అలాంటి మెదడున్నవాళ్లే ఆ పనిలో నిలబడ్డారేమో అని అడిగితే జవాబు లేదు. ఆ అనుమానం చాలావరకు తీర్చింది 2011 నాటి అధ్యయనం. టాక్సీ లైసెన్స్ పరీక్ష కోసం, లండన్ నడిబొడ్డున ఉన్న చేరింగ్ క్రాస్ చుట్టూ ఆరు మైళ్లలో ఉన్న దాదాపు 25 వేల వీధులను బట్టీ పట్టడం మొదలుపెట్టిన 79 మందికి ముందే స్కాన్ తీశారు. మూడు నాలుగేళ్లకు మళ్లీ తీస్తే, పాసైన 39 మందిలోనే వెనక భాగంలో గ్రే మ్యాటర్ (నరాల కణాలు దట్టంగా ఉండే పదార్థం) పెరిగింది. తప్పినవాళ్లలో మార్పు లేదు, పాపం వాళ్లూ చదివినవాళ్లే.

అన్నట్టు, ఒక చిక్కు బొమ్మను చూసి, కాసేపయ్యాక గుర్తుతెచ్చుకుని గీయమంటే పాసైనవాళ్లే తడబడ్డారు. పాత పోస్టులో ‘రుజువైంది’ తీసేసి ‘తేడా కనిపించింది’ అని మార్చాను.