సబ్‌టైటిల్స్ ఉన్నాయి మావయ్య గారూ!

మా బావ పెన్‌డ్రైవ్‌లో సినిమా తెచ్చాడంటే ఎక్కడో ఒకచోట తేడా కొట్టి తీరుతుంది. ఈసారి అపోకలిప్టో. 2006లో మెల్ గిబ్సన్ తీసిన ఈ సినిమాలో అందరూ మాట్లాడేది మెక్సికో వైపు మాయా జాతివాళ్ళ యుకటెక్ మాయా భాష, కాబట్టి అమెరికా వాడైనా ఆముదాలవలస వాడైనా కింద అక్షరాలు చదువుకోవాల్సిందే. "సబ్‌టైటిల్స్ ఉన్నాయి మావయ్య గారూ, టెన్షన్ పడకండి" అని ముందే భరోసా ఇచ్చాడు. అబద్ధమేమీ కాదు, ఉన్నాయి. అల్బేనియన్‌లో.

ఆ ముక్క మాకు అప్పుడే తెలియలేదు. చూడ్డానికి ఇంగ్లీషు అక్షరాలే, కాకపోతే కొన్నింటి నెత్తిన రెండేసి చుక్కలు. నాన్న ముందు కళ్ళజోడు తుడుచుకున్నారు, తర్వాత టీవీ తుడిచారు. హైస్కూల్లో ఇంగ్లీషు చెప్పి రిటైరైన మనిషి, అర్థం కావట్లేదని అల్లుడి ముందు ఎలా ఒప్పుకుంటారు? కాసేపు పెదాలు కదుపుతూ చదివి, "ఇది ఓల్డ్ ఇంగ్లీషు బాబూ, కథ పాతది కదా" అని తేల్చేశారు. నేను ఫైలు పేరు చూస్తే చివర ఎస్, హెచ్, క్యూ, ఐ, పి అని ఉంది. అల్బేనియా వాళ్ళు తమ భాషని పిలుచుకునే పేరే అది, కానీ బావ మాత్రం "షిప్పు అని కొట్టబోయి మధ్యలో క్యూ నొక్కాడెవడో" అన్నాడు.

ఇక అమ్మమ్మే దిక్కు. ఆవిడ ఏ భాష సబ్‌టైటిల్సూ చదవదు, అయినా ఏ సినిమా కథా ఆగదు. నిండు చూలాలైన భార్యనీ పిల్లాడినీ గోతిలో దాచి హీరో పట్టుబడతాడు, వాణ్ణి గుడి మీదికెక్కించి బలి రాయి మీద పడుకోబెట్టగానే సూర్యగ్రహణం పట్టి చీకటైపోతుంది, బలి ఆగిపోతుంది. మేం హమ్మయ్య అనుకుంటుంటే అమ్మమ్మ, "పోన్లే, ఆ పిల్ల గోతిలో ఉంది, గ్రహణం నీడ పడదు" అంది. సినిమాలో జనం బిత్తరపోతారు గానీ మాయా వాళ్ళకి గ్రహణాలు కొత్తేం కాదు, జర్మనీలోని డ్రెస్డెన్‌లో దాచిన వాళ్ళ పుస్తకంలో గ్రహణాల పట్టికలే ఉన్నాయి.

తర్వాత హీరో అడవిలో పరుగెడుతుంటే రాత్రి నిండు చంద్రుడు కనిపించాడు. అమ్మమ్మ ఊరుకోలేదు. "ఇప్పుడేగా సూర్యగ్రహణం పట్టింది, అంటే అమావాస్య కదా, ఇంతలోకే పున్నమి చంద్రుడు ఎక్కణ్ణుంచి వచ్చాడర్రా? సినిమా తీసినాయన ఇంట్లో పంచాంగం లేదా?" ఇది నిజంగానే సినిమాలో ఉన్న తప్పు, దాన్ని పట్టుకోవడానికి ఏ భాషా అక్కర్లేకపోయింది. నాన్న మాత్రం అప్పటికీ ఓల్డ్ ఇంగ్లీషు చదువుతూనే ఉన్నారు.

చివర్లో సముద్రం మీద స్పెయిన్ ఓడలు కనిపించగానే బావ సోఫాలోంచి లేచి నిలబడ్డాడు. "షిప్పు! చెప్పానా, షిప్పని!" నాన్న కూడా ఒప్పుకుంటున్నట్టు తలూపారు.

"ఓడల సంగతి సరేలే," అంది అమ్మమ్మ, "గోతిలో నీళ్ళలో పుట్టాడే ఆ పసిగుడ్డు, వాడికి బారసాల ఎప్పుడు చేస్తారుట?"