తదుపరి ఉత్తర్వులు వెలువడే వరకు

ఇన్‌ఛార్జి డీజీపీని నియమిస్తూ ఇచ్చే జీవోలో అసలు సంగతి చివర్లో ఉంటుంది. అధికారి పేరు, బ్యాచ్, ‘పూర్తి అదనపు బాధ్యతలు’ అనే మాట, ఆ తర్వాత ‘తదుపరి ఉత్తర్వులు వెలువడే వరకు’ అని ఓ ముక్క. ముప్పై ఏళ్ల సర్వీసు చేసి పైదాకా వచ్చిన మనిషిని ఆ ముక్క నెలజీతపు గుమాస్తా కన్నా బలహీనుణ్ని చేస్తుంది. గుమాస్తాను తీసేయాలంటే నోటీసైనా ఇవ్వాలి మరి.

ఇలా జరగకూడదని సుప్రీంకోర్టు ఎప్పుడో చెప్పింది. పోలీసు సంస్కరణల మీద నడిచిన ప్రకాశ్‌సింగ్ కేసులో 2006 నాటి తీర్పు డీజీపీకి కనీసం రెండేళ్ల పదవీకాలం ఉండాలంది. 2018 జులై 3న మరింత గట్టిగా, ఏ రాష్ట్రమూ తాత్కాలిక డీజీపీని పెట్టుకోవద్దంది. ఖాళీ రావడానికి మూడు నెలల ముందే సీనియర్ల పేర్లు యూపీఎస్సీకి పంపాలి, అక్కడి నుంచి వచ్చిన ప్యానెల్‌లో ఒకరిని ఎంచుకోవాలి.

మరి మన రెండు రాష్ట్రాల్లో జరిగిందేమిటి? 2022 ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్‌లో గౌతమ్ సవాంగ్‌ను తప్పించి, 1992 బ్యాచ్‌కు చెందిన కసిరెడ్డి రాజేంద్రనాథ్‌రెడ్డికి అదనపు బాధ్యతలు ఇచ్చారు. 2024 మేలో ఎన్నికల సంఘం బదిలీ చేసేదాకా ఆయనే కొనసాగారు. లెక్క వేస్తే రెండేళ్లు దాటింది. అంటే కోర్టు చెప్పిన కనీస కాలం కన్నా ఎక్కువే ఆ కుర్చీలో ఉన్నారు, కానీ కోర్టు ఇవ్వాలన్న రక్షణ మాత్రం ఒక్క రోజూ లేదు. తెలంగాణలో 2022 డిసెంబర్ ఆఖర్లో మహేందర్‌రెడ్డి రిటైరైతే అంజనీకుమార్ వచ్చిందీ ఇన్‌ఛార్జిగానే. ప్రభుత్వాలు మారినా పద్ధతి మారలేదు. 2025 జనవరి ఆఖర్లో ఆంధ్రప్రదేశ్‌లో హరీశ్‌కుమార్ గుప్తా కూడా మొదట అదనపు బాధ్యతలతోనే వచ్చారు, పూర్తిస్థాయి నియామకం తర్వాత జరిగింది.

యూపీఎస్సీ దగ్గర ఆలస్యం అవుతుందని ప్రభుత్వాలు చెబుతాయి. అందులో కొంత నిజం ఉండొచ్చు. కానీ రిటైర్మెంట్ తేదీ ఎవరికీ హఠాత్తుగా తెలిసేది కాదు, సర్వీసులో చేరిన రోజే రాసిపెట్టి ఉంటుంది. నాకు కనిపించే కారణం వేరే. ప్యానెల్‌లో తమకు కావలసిన పేరు ఉంటుందన్న గ్యారంటీ లేదు. పైగా రెండేళ్ల హామీ ఉన్న అధికారి, ఫోన్‌లో వచ్చిన మాటను కాగితం మీద పెట్టమని అడగగలడు. ఇన్‌ఛార్జి అడగలేడు. అడగని అధికారులే దొరుకుతారని కాదు, అడిగినవాళ్లు ఎంతకాలం ఉంటారన్నదే టెన్షన్. వద్దని చెప్పొచ్చు కదా అంటారు కొందరు. రిటైర్మెంట్ దగ్గరపడ్డ వేళ ఆ కుర్చీని వద్దనుకునేవాళ్లు ఎందరుంటారు?

ఈ జబ్బు డీజీపీ ఆఫీసుతో ఆగలేదు. 2024 మేలో తెలంగాణలో పది యూనివర్సిటీల వీసీల పదవీకాలం ఒకేసారి ముగిస్తే, ఐఏఎస్‌లను ఇన్‌ఛార్జులుగా పంపారు. వాళ్లకు సెక్రటేరియట్‌లో వేరే శాఖలున్నాయి. అక్టోబర్‌లో కొత్త వీసీలు వచ్చేదాకా చాలా క్యాంపస్‌లు అలాగే నడిచాయి.

పై స్థాయిలో ఇన్‌ఛార్జికి కనీసం కారూ హోదా ఉంటాయి. మండలంలో అవీ ఉండవు. హైస్కూల్ హెడ్మాస్టరే ఎంఈఓగా, అంటే మండల విద్యాధికారిగా కూడా పనిచేసే చోట చూడండి. పొద్దున ప్రార్థన అవగానే జూనియర్ అసిస్టెంట్ ఫైళ్ల సంచీతో స్కూలుకే వస్తాడు. పదో తరగతి పిల్లలు లెక్కల సారు కోసం ఎదురుచూస్తుంటే, ఆ సారు జీతాల బిల్లుల మీద రెండు స్టాంపులు మార్చి మార్చి వేస్తుంటాడు. అదనపు బాధ్యతకు సర్వీసు నిబంధనల్లోని ఎఫ్‌ఆర్ 49 కింద కొంత అలవెన్సు వస్తుంది కానీ ఆరు నెలలు దాటితే అదీ ఆగిపోతుంది. బాధ్యత మాత్రం ఆగదు. అక్కడా ఆర్డర్‌లో ఆఖరి ముక్క అదే, తదుపరి ఉత్తర్వులు వెలువడే వరకు.