లావోకూన్ చెయ్యి, లుడ్విగ్ పొలాక్ కన్ను

గ్రీకు పురాణంలో ట్రాయ్ పూజారి లావోకూన్‌నూ అతని ఇద్దరు కొడుకులనూ పాములు చుట్టేస్తాయి. వాటికన్ మ్యూజియంలోని ఆ పాలరాతి విగ్రహంలో తండ్రి కుడిచెయ్యి మోచేతి దగ్గర మడిచి, తల వెనకవైపుకు వంగి ఉంటుంది. 1950ల వరకు చూసినవారికి ఆ చెయ్యి పైకి చాచి కనిపించేది. 1506లో రోమ్‌లో విగ్రహం దొరికినప్పుడు ఆ చెయ్యి లేదు. 1530లలో శిల్పి మోంతోర్సోలి చాచిన చెయ్యి అతికించాడు.

మడిచిన చేతిని గుర్తుపట్టింది లుడ్విగ్ పొలాక్. 1868లో ప్రాగ్‌లోని యూదు కుటుంబంలో పుట్టాడు. వియన్నాలో పురావస్తుశాస్త్రంలో డాక్టరేటు పొంది, 1893లో రోమ్ చేరాడు. ప్రాచీన శిల్పాలు కొనడం, అమ్మడం, సంపన్నులకు సలహా చెప్పడం అతని జీవనాధారం. ప్రాచీన శిల్పాలు సేకరించే జియోవన్నీ బరాకోకు వాటిని ఎంచడంలో తోడ్పడ్డాడు. 1914లో బరాకో పోయాక, ఆయన రోమ్ నగరానికిచ్చిన మ్యూజియం బాధ్యత పొలాక్ చేతికొచ్చింది.

20వ శతాబ్ది మొదట్లో, లావోకూన్ దొరికిన చోటికి దగ్గర్లోనే, రాతిపనివాళ్ల దగ్గర ఓ పాలరాతి చేతిముక్క అతని కంటపడింది. కండల పొంగు, చెక్కిన తీరు చూసి అది లావోకూన్ చెయ్యేనన్నాడు. ఇక్కడే ఒక పొరపాటూ చేశాడు. ముక్క కాస్త చిన్నదనిపించి, అసలు విగ్రహానిది కాదు, ప్రాచీన నకలుదై ఉంటుందని 1905లో రాశాడు. అయినా దాన్ని అమ్ముకోలేదు, వాటికన్‌కే ఇచ్చేశాడు. అది యాభై ఏళ్లు గోదాములో పడి ఉంది. 1957లో సరిచూస్తే, భుజానికీ ముక్కకూ మధ్య కొంత రాయి లోపించినా, భుజంలో తొలిచిన రంధ్రం ముక్కలోని రంధ్రంతో సూటిగా కలిసింది. అసలుదేనని తేలింది.

పొలాక్ అటు వ్యాపారి, ఇటు మ్యూజియం బాధ్యుడు. మ్యూజియం ఉద్యోగులు పురావస్తువుల వ్యాపారం చేయకూడదని నేటి అంతర్జాతీయ మ్యూజియంల నియమావళి చెబుతోంది. అది సరైన నియమం. ఇది అసలుదని ధ్రువీకరించేవాడే దాని ధరలో లాభం పొందితే ఆ మాటను ఎవరు నమ్ముతారు? పొలాక్ కథను ఆ వ్యాపారానికి సమర్థనగా వాడుకోవడం తప్పు. అతన్ని వేరుగా నిలిపేది అతని రాత. ఏ వస్తువు ఎవరి దగ్గర చూశాడో డైరీల్లో రాసిపెట్టుకున్నాడు. చేతులు మారిన శిల్పానికి ఆనవాలు అలాంటి రాతలోనే మిగులుతుంది. బజారులో దొరికిన ముక్కల్లో చాలావాటికి ఆ భాగ్యం లేదు.

1943 అక్టోబర్ 16న నాజీలు రోమ్‌లోని యూదులను ఇళ్ల నుంచి పట్టుకెళ్లారు. వెయ్యి మందికి పైగా ఆష్విట్జ్ మరణశిబిరానికి తరలించారు. వారిలో 75 ఏళ్ల పొలాక్, భార్య, ఇద్దరు పిల్లలు ఉన్నారు. నలుగురిలో ఒక్కరూ తిరిగి రాలేదు. అప్పటికి ఆ చెయ్యి ఇంకా విగ్రహానికి చేరనేలేదు.