పోస్టుల ఎదురుగా తప్పిన కిక్: మామా అల్లుళ్ళ వాదం

మా ఆయన ఎనభైల చివర్లో ఎడిన్‌బరో ఆసుపత్రిలో డాక్టరుగా చేరి ఇక్కడే ఉండిపోయారు. మా ఆడపడుచు కొడుకు పోయిన సెప్టెంబరులో ఎమ్మెస్సీకి వచ్చాడు. మొన్న ట్రామ్ మర్రేఫీల్డ్ స్టేడియం దాటుతుంటే ఆయన యథాలాపంగా, "స్కాట్లాండ్‌కి హేస్టింగ్స్ లాంటి ఆటగాడు మళ్ళీ పుట్టలేదురా" అన్నారు. వాడు ఫోన్‌లోంచి తల ఎత్తాడు. ఇంటికొచ్చి రెండు టీలు తాగేదాకా నడిచిందీ గొడవ.

తెలియని వాళ్ళకి ఒక ముక్క. గావిన్ హేస్టింగ్స్ రగ్బీలో ఫుల్‌బ్యాక్, అంటే అందరికన్నా వెనకాల నిలబడేవాడు. గోల్ కిక్కులూ ఆయనే కొట్టేవాడు. బంతిని అవతలివాళ్ళ గీత దాటించి నేలకి ఆనిస్తే ట్రై, ఆ తర్వాత అదనంగా రెండు పాయింట్ల కోసం కొట్టే కిక్ కన్వర్షన్. అవతలివాళ్ళు తప్పు చేస్తే దొరికేది పెనాల్టీ, ఆట నడుస్తుండగానే బంతిని నేలకి తగిలించి గోల్‌లోకి తన్నేది డ్రాప్ గోల్; ఈ రెండిటికీ మూడేసి పాయింట్లు. 1986 నుంచి 1995 దాకా స్కాట్లాండ్‌కి 61 మ్యాచ్‌లు, 667 పాయింట్లు.

అల్లుడు: గొప్ప ఆటగాడే, కాదనను మామయ్యా. కానీ 1991 అక్టోబరు 26 మాటేమిటి? ఇదే మర్రేఫీల్డ్‌లో ఇంగ్లండ్‌తో వరల్డ్ కప్ సెమీఫైనల్. స్కోరు 6-6. పెనాల్టీ దొరికింది, దాదాపు గోల్ పోస్టుల ఎదురుగానే. బంతి పక్కనుంచి పోయింది. ఆ తర్వాత ఇంగ్లండ్ ఆటగాడు రాబ్ ఆండ్రూ డ్రాప్ గోల్ కొట్టాడు, 9-6. ఫైనల్‌కి ఇంగ్లండ్ వెళ్ళింది.

మామయ్య: మరి ఆ ఆరు పాయింట్లు ఎవరు కొట్టార్రా?

అల్లుడు: ఆయనే. అయితే ఏంటి? కష్టమైన లెక్కలన్నీ చేసి చివర్లో రెండూ రెండూ ఐదని రాస్తే మాస్టారు ఊరుకుంటారా?

మామయ్య: అంతకు కాస్త ముందే గట్టి దెబ్బ తగిలింది ఆయనకి. చికిత్స చేయించుకుని, తల దిమ్ము పూర్తిగా వదలకముందే లేచి కొట్టాడు.

అల్లుడు: డాక్టరై ఉండి మీరే అలా అంటే ఎలా? దిమ్ముగా ఉంటే పక్కవాడికి ఇవ్వాలి. క్రెయిగ్ చామర్స్ అక్కడే ఉన్నాడుగా. అంతకు ముందేడు ఇదే గ్రౌండ్‌లో ఇంగ్లండ్‌ని 13-7తో ఓడించి, ఐదు దేశాల టోర్నీలో ఒక్కటీ ఓడకుండా గ్రాండ్ స్లామ్ గెలిచినప్పుడు మూడు పెనాల్టీలూ కొట్టింది చామర్సే.

(ఇక్కడ మా ఆయన కప్పు కింద పెట్టారు. వాడి పాయింట్ గట్టిదే. నాకైతే ఈ ప్రశ్నకి ఇప్పటికీ సరైన జవాబు దొరకలేదు.)

మామయ్య: ఆ గ్రాండ్ స్లామ్ మ్యాచ్‌లో మన ట్రై ఎలా వచ్చిందో చెప్పవేం? హేస్టింగ్స్ బంతిని ముందుకు తన్నాడు, టోనీ స్టాంగర్ పరిగెత్తి పట్టాడు. సరే, అది వదిలెయ్. అసలు ఆయన మొదటి మ్యాచ్ కథ తెలుసా నీకు? 1986 జనవరి, ఫ్రాన్స్ మీద. ఆయనా, తమ్ముడు స్కాటూ ఒకే రోజు అరంగేట్రం. మ్యాచ్ మొదలెట్టే కిక్ హేస్టింగ్సే కొట్టాడు. అది తిన్నగా గీత అవతలికి పోయింది. మనవాళ్ళు స్క్రమ్, అంటే రెండు జట్లూ భుజాలు కలిపి తోసుకుంటూ ఆట మళ్ళీ మొదలెట్టడం, ఉంటుందనుకుని తాపీగా మైదానం మధ్యకి నడుస్తున్నారు. ఫ్రెంచ్ వాళ్ళు బంతిని గబుక్కున లోపలికి విసిరేసుకున్నారు. బెర్బిజియే పరిగెత్తి ట్రై పెట్టేశాడు. దేశం తరఫున నువ్వు తన్నిన మొట్టమొదటి బంతి, నిమిషం తిరక్కుండా అవతలివాళ్ళకి ట్రై! నువ్వయితే ఏం చేస్తావు?

అల్లుడు: అమ్మకి ఫోన్ చేసి ఏడుస్తాను.

మామయ్య: ఆయన ఆరు పెనాల్టీలు కొట్టాడు. 18-17తో గెలిచాం. పద్ధెనిమిదీ ఆయనవే. తర్వాత ఇంగ్లండ్‌ని 33-6తో చిత్తు చేసినప్పుడు 21 పాయింట్లు.

అల్లుడు: పాయింట్లంటే గుర్తొచ్చింది. 1995 వరల్డ్ కప్‌లో ఐవరీ కోస్ట్ మీద 89-0. ఒక్క మ్యాచ్‌లో 44 ఈయనవే. పసికూన జట్టు మీద కొట్టినవి కూడా ఆ 667లో కలిసే ఉన్నాయి. ఆ రికార్డు కూడా తర్వాత క్రిస్ ప్యాటర్సన్ దాటేశాడు, 809.

మామయ్య: ప్యాటర్సన్ జీతం తీసుకుని ఆడాడు, రోజంతా కిక్కులు ప్రాక్టీసు చేసుకునే కాలం అది. హేస్టింగ్స్ ఆడినంత కాలం రగ్బీలో డబ్బుల్లేవు. ఆయన చివరి మ్యాచ్ 1995 జూన్, ఆట ప్రొఫెషనల్ అయింది అదే ఏడు ఆగస్టులో! రెండు నెలల తేడాతో పోయింది పాపం.

అల్లుడు: పాపమేంటి, మరుసటి ఏడే అమెరికన్ ఫుట్‌బాల్‌లోకి వెళ్ళి స్కాటిష్ క్లేమోర్స్‌కి కిక్కర్‌గా ఆడాడుగా! సరే, 1993 చూడండి. బ్రిటన్, ఐర్లండ్ ఆటగాళ్ళందరినీ కలిపి చేసే బ్రిటిష్, ఐరిష్ లయన్స్ జట్టుకి కెప్టెన్‌గా న్యూజిలాండ్ వెళ్ళాడు. సిరీస్ 2-1తో పోయింది.

మామయ్య: మొదటి టెస్టు 20-18. లయన్స్ కొట్టిన పద్ధెనిమిదీ మళ్ళీ ఆయనవే. చివర్లో న్యూజిలాండ్ కిక్కర్ ఫాక్స్ పెనాల్టీతో పోయింది. దానికీ ఆయన్నే తిడతావా?

అల్లుడు: తిట్టను. కానీ 1994 కలకత్తా కప్ గురించి అడుగుతాను. (ఇంగ్లండ్, స్కాట్లాండ్ జట్లు ఏటా పోటీపడే కప్పు ఇది.)

మామయ్య: అబ్బా, అదెందుకు ఇప్పుడు? అసలు ఆ కప్పు సంగతి తెలుసా? కలకత్తాలో రగ్బీ క్లబ్ మూసేస్తూ బ్యాంకులో మిగిలిన వెండి రూపాయలు కరిగించి చేయించారు. పట్టుకునే పిడులు మూడు నాగుపాములు, మూత మీద ఏనుగు...

అల్లుడు: మాట దాటేస్తున్నారు.

(దాటేస్తున్నారు, నిజం.)

మామయ్య: సరే, కిక్కుల గురించే కదా నీ గోల? 1995 ఫిబ్రవరి, పారిస్. అక్కడ మనం గెలిచి ఇరవై ఆరేళ్ళయింది. ఆట అయిపోవస్తోంది, ఫ్రాన్స్ 21-16 ముందుంది. గ్రెగర్ టౌన్‌సెండ్ ఇద్దరి మధ్యలో ఇరుక్కుని కూడా బంతిని చేతి వెనకనుంచి అందించాడు. హేస్టింగ్స్ అందుకుని అదే ఊపులో పోస్టుల మధ్య దాకా పరిగెత్తాడు. ఐదు పాయింట్లు, 21-21. అందరూ ఆ పరుగు గురించే చెప్తారు. నేను చెప్పేది దాని తర్వాత సంగతి. కన్వర్షన్ మిగిలింది. ఎక్కడినుంచి? సరిగ్గా పోస్టుల ఎదురుగా! 1991లో తప్పినలాంటి తేలిక కిక్. మళ్ళీ స్కోరు సమానం, మళ్ళీ మ్యాచ్ చివర. ఊపిరి అందక రొప్పుతున్న మనిషి. వేరేవాడైతే ఆ పాత కిక్ కళ్ళ ముందు ఆడి కాలు వణికేది. కొట్టాడు. 23-21.

అల్లుడు: ...ఆ పోలిక నాకు తట్టలేదు.

మామయ్య: ఎలా తడుతుంది? పోస్టుల ఎదురుగా తప్పితేనే వార్త.

అల్లుడు: అయితే 1994కి జవాబు చెప్పండి. ఇంగ్లండ్ 15-14. మన వెయిన్‌రైట్ ట్రై పెట్టాడు, దాని కన్వర్షన్ పడలేదు. రెండు పాయింట్లు. పడి ఉంటే చివర్లో ఇంగ్లండ్ కిక్కర్ కాలార్డ్ పెనాల్టీ కొట్టినా 16-15తో కప్పు మనదే. ఆ రోజు హేస్టింగ్స్ టీవీ వాళ్ళ ముందే ఏడ్చేశాడట.

మామయ్య: ఏడ్చాడు. ఆ మ్యాచ్ గురించి నేను మాట్లాడను. మీ అత్తయ్యని అడుగు.

నన్ను అడిగాడు. "ఆ రోజు మీ మామయ్య టీవీ కట్టేసి, గొడుగు కూడా లేకుండా రెండు గంటలు వానలో నడిచొచ్చారు" అని చెప్పాను. చామర్స్ గురించి వాడు అడిగినదానికి మాత్రం ఆయన ఇంకా బాకీ.