కుండమార్పిడి పాట

వై టూ కె కంప్యూటర్ ఉద్యోగాల పుణ్యమా అని 1998లో డాలస్‌లో దిగిన మనవాళ్ళెవరూ కంట్రీ సంగీతాన్ని, అంటే అమెరికా పల్లె బాణీ పాటల్ని, కోరి తెచ్చుకోలేదు. సెకండ్ హ్యాండ్ కారు కొంటే దాంతోపాటు రేడియో వచ్చింది, రేడియోతోపాటు టెక్సస్ వచ్చింది. మా బాబాయి అలాంటి కారులోనే కొత్త పెళ్ళాన్ని పక్కన కూర్చోబెట్టుకుని, కరివేపాకు దొరికే కొట్టు కోసం ఊరంతా తిరిగాడు. ఆ ఏడాది ఏ స్టేషను తిప్పినా షానియా ట్వెయిన్ పాడిన 'యూ ఆర్ స్టిల్ ది వన్' తగిలేది. మన జంట నిలవదన్నారు అందరూ, ఇదిగో, ఇప్పటికీ నా మనిషివి నువ్వే అని సారాంశం. కంట్రీ చార్టులో మొదటి స్థానం కొట్టింది, అన్ని రకాల పాటల్నీ కలిపి లెక్కేసే బిల్‌బోర్డ్ హాట్ 100లో రెండు దగ్గర ఆగింది, మరుసటి ఏడాది రెండు గ్రామీలు తెచ్చింది. బాబాయికి మాటలు అర్థం కాకముందే ట్యూన్ పట్టేసింది.

అందుకని పాతికేళ్ళ పెళ్ళిరోజుకి ఆ పాట తనే పాడతానన్నాడు. పిన్ని వద్దంది. బాబాయి గొంతుకి వంక పెట్టలేదావిడ, ఆయన ధైర్యానికి భయపడింది. పైగా ఆ పాట మొదట్లో షానియా పాడదు, మెల్లిగా రెండు ముక్కలు మాట్లాడుతుంది. ఆ రెండు ముక్కలూ బాబాయి రిహార్సల్ చేస్తుంటే, ఆఫీసు కాల్ మొదలైందనుకుని పిన్ని టీవీ సౌండ్ తగ్గించేది.

ఫంక్షన్ రోజున వాళ్ళబ్బాయి చేతికి మైకిచ్చారు. "పాట గురించి ఓ రెండు మాటలు చెప్పు నాన్నా" అన్నాడు బాబాయి. అక్కడే పుట్టి పెరిగిన పిల్లాడు, సగం చెప్పి వదిలేసే రకం కాదు. ఫోను తీశాడు.

"ఈ సాంగ్‌ని షానియా, ఆవిడ హస్బెండ్ మట్ లాంగ్ కలిసి రాశారు." చప్పట్లు. ఏసీ/డీసీ అనే రాక్ బ్యాండ్ వాళ్ళ 'బ్యాక్ ఇన్ బ్లాక్' ఆల్బమ్‌ని నిర్మించింది కూడా ఈ లాంగే. అంత మోత మోగించిన మనిషి పెళ్ళాం కోసం ఇంత మెత్తగా దిగొచ్చాడంటే ముచ్చటేగా. "ఆయన ఆవిడకన్నా సెవెంటీన్ ఇయర్స్ పెద్ద. 1993లో కలిసి ఆ ఇయరే మ్యారేజ్ చేసుకున్నారు. నిలబడదు అన్నవాళ్ళకి ఆన్సర్ ఈ సాంగ్." మళ్ళీ చప్పట్లు. పిన్ని కూడా కొట్టింది. మైకు లాక్కోవాల్సింది సరిగ్గా అక్కడే.

"2008లో విడిపోయారు."

వేగం ఆపుకోలేక ఇద్దరు అంకుల్స్ దీనికీ చప్పట్లు కొట్టారు.

"తన బెస్ట్ ఫ్రెండ్‌తో హస్బెండ్‌కి ఎఫైర్ అని షానియానే చెప్పింది. 2010లో డివోర్స్. 2011 జనవరి 1న ఆ బెస్ట్ ఫ్రెండ్ ఎక్స్ హస్బెండ్‌ని షానియా పెళ్ళి చేసుకుంది. థాంక్యూ. ఇప్పుడు డాడీ పాడతారు."

గారె నోటిదాకా వెళ్ళి ఆగిపోయింది, ప్రతి టేబుల్ దగ్గరా. మొదట తేరుకున్నది ముందు వరసలోని గుంటూరు పెద్దమ్మ. "ఉండు నాయనా, మళ్ళీ చెప్పు. ఈమె మొగుడు ఆమె వైపు, ఆమె మొగుడు ఈమె వైపు... అంటే కుండమార్పిడేగా!"

"అది అన్నాచెల్లెళ్ళని ఇచ్చి పుచ్చుకోవడం వదినా" అని ఎవరో సర్దబోయారు. ఎవరు వింటారు? టిష్యూ పేపర్ల మీద వంశవృక్షాలు లేచాయి. షానియాకి మొదటాయన వల్ల ఓ కొడుకున్నాడని తెలిశాక సమస్య ఇంకా ముదిరింది. ఆ పిల్లాడు రెండో ఆయన్ని ఏమని పిలవాలి? ఆయనేం చేస్తుంటాడని ఇంకొకావిడ ఆరా తీసింది. పెళ్ళినాటికి స్విట్జర్లాండ్‌లో పెద్ద ఉద్యోగంలో ఉన్నాడని తెలిసి, "పోన్లే, పిల్లకి మంచి సంబంధమే కుదిరింది" అని ఊపిరి పీల్చుకుంది. అకౌంటెంట్ అంకుల్‌కి మాత్రం పాట మీద వచ్చే డబ్బుల గురించే దిగులు. రాసింది ఇద్దరూ కాబట్టి విడాకులైనా పాట ఇప్పటికీ జాయింటేనట. నన్నడిగితే, ఆయన వెళ్ళిపోయాక కూడా ఆ పాటని వేదికల మీద పాడుతున్న షానియాకి ఇంకో గ్రామీ ఇవ్వాలి.

ఈ గొడవలో ట్రాక్ ఎప్పుడు మొదలైందో ఎవరూ చూడలేదు. బాబాయి ఆ రెండు ముక్కలూ మాట్లాడాడు, మొదటి చరణం దాటాడు, కళ్ళు మూసుకుని పల్లవి అందుకున్నాడు. పెద్దమ్మ వెనక్కి తిరిగింది. "కాస్త ఆగవయ్యా, లెక్క తేలుతోంది ఇక్కడ."

బాబాయి ఆగాడు. ట్రాక్ ఆగలేదు. పిన్ని లేచి వెళ్ళి మైకు తీసుకుంది.

"ఈయన బాగానే పాడారు, పాపం. మా ఇంటికొచ్చే నా ఫ్రెండ్స్‌కి ఒక్కటే చెప్తున్నా. ఎవరికైనా మార్పిడి ఆలోచనుంటే ముందే అడగండి. ఈయన గురక సంగతి నేనేం దాచను."

వెనక టేబుల్ నుంచి వెంటనే వచ్చింది జవాబు: "మా ఆయనదీ అంతే పిల్లా, మార్చుకుని ఏం లాభం?"