గడ్డకట్టిన కార్డు

సినిమాలు చూసి చెడిపోయినవాళ్లను ఎరుగుదును గానీ, సినిమా చూసి బాగుపడదామనుకున్నవాడు మా బావమరిది ఒక్కడే. 2009లో వచ్చిన హాలీవుడ్ సినిమా ‘కన్ఫెషన్స్ ఆఫ్ ఎ షాపహాలిక్’ చూశాడట. న్యూయార్కులో రెబెకా అనే అమ్మాయి. దుకాణం అద్దాల వెనుక బొమ్మలు చెయ్యి ఊపితే చాలు, లోపలికి నడిచేస్తుంది. పీకల దాకా అప్పు. ఉద్యోగం మాత్రం పొదుపు గురించి పాఠకులకు సలహాలిచ్చే పత్రికలో! బాకీ వసూలుకు వెంటపడేవాడికి ఆమె చెప్పే అబద్ధాలు మనవాడికి కొత్తగా అనిపించి ఉండవు. అతనికి నచ్చిన ముక్క వేరు: ఆ పిల్ల క్రెడిట్ కార్డును మంచుగడ్డలో బిగించి ఫ్రీజర్లో దాచేస్తుంది.

“తరువాత కాలిచెప్పు మడమతో ఆ గడ్డను పగలగొట్టి తీసుకుంటుంది కదరా?” అన్నాను.

“అప్పుడే ఫోను వచ్చింది బావా, చూడలేదు.”

ఆదివారం పొద్దున్నే వచ్చి, స్టీలు గిన్నెలో నీళ్లు పోసి, కార్డు వేసి, మా ఫ్రీజర్లో బఠాణీల పొట్లం పక్కన పెట్టాడు. తన ఇంట్లోనైతే నిగ్రహం నిలవదట. నెలకు మూడున్నర శాతం వడ్డీ, ఆ వడ్డీ మీద 18 శాతం జీఎస్టీ, కనీస మొత్తమే కడుతూ పోతే అసలు కదలదని నాకే పాఠం చెప్పాడు. బావమరిది కాబట్టి బుద్ధిగా విన్నాను.

మధ్యాహ్నం ఎండలో పెద్దమామగారు వచ్చారు. మా అత్తగారు మజ్జిగ కలిపి, ఐసు కోసం ఫ్రీజర్ వెతికి, ఆ గిన్నెలోని గడ్డను పచ్చడిబండతో నాలుగు దెబ్బలు వేసి, ముక్కలన్నీ మజ్జిగలోకి వంపేశారు. గరిటె తిప్పితే అడుగున ఏదో తగిలింది. పైకి తీస్తే కార్డు! మూల చిట్లింది, చిప్ మీద కరివేపాకు రెబ్బ.

పెద్దమామగారు కళ్లజోడు సవరించుకుని, “ఈ ఇంట్లో మజ్జిగ కూడా అప్పు మీదేనా అమ్మా?” అన్నారు.

“పోనీ, పీడ విరగడైంది” అంది మా ఆవిడ. బావమరిది మాత్రం చలించలేదు. కార్డును తుండుగుడ్డతో తుడుస్తూ ఫోను చూసుకుంటున్నాడు. ఆన్‌లైన్ దుకాణాలు కార్డు నంబరు దాచుకోకూడదని రిజర్వు బ్యాంకు 2022 అక్టోబరు నుంచి కట్టడి చేసింది కదా; నంబరు బదులు టోకెన్ అనే మారు సంకేతం దాచుకోవచ్చు. కార్డు ఏ గిన్నెలో పడుకున్నా టోకెన్ మెలకువగానే ఉంటుంది. ఓటీపీ ఒక్కటి వస్తే చాలు.

మా ఆవిడకు అనుమానం వచ్చి ఫోను లాక్కుంది. “ఏమిటిరా ఇది? ఇప్పుడే ఏదో కొన్నావు!”

“మీ ఫ్రిజ్‌లో అందరూ చెయ్యి పెడతారక్కా. అందుకే కార్డు కోసం విడిగా ఒక చిన్న ఫ్రిజ్ తీసుకున్నాను. వడ్డీ లేని వాయిదాలేలే!”