బీరు కంపెనీ వేసిన గ్రౌండ్లు: ఇంగ్లండ్ ఆటల వెనకున్న పాత ఓనర్లు

1910 ఫిబ్రవరి 19. మాంచెస్టర్‌లో ఓల్డ్ ట్రాఫర్డ్ గ్రౌండు మొదలైన రోజు. మొదటి మ్యాచ్ మాంచెస్టర్ యునైటెడ్‌కీ లివర్‌పూల్‌కీ, కొత్తింట్లో పాలు పొంగించిన రోజే యునైటెడ్ 4-3తో ఓడిపోయింది. ఫుట్‌బాల్ పిచ్చోళ్ళకి ఈ స్కోరు తెలుసు గానీ ఆ రోజు ఆడిన రెండు టీముల వెనకా ఇద్దరు బీరు వ్యాపారులున్నారన్న సంగతి పెద్దగా ఎవరూ మాట్లాడుకోరు. లివర్‌పూల్‌ని పుట్టించింది ఒక బ్రూవరీ (బీరు తయారుచేసే కంపెనీ) ఓనరు, యునైటెడ్‌ని చచ్చిపోకుండా లేపి నిలబెట్టింది ఇంకో బ్రూవరీ ఓనరు.

మనకి బీరుకీ ఆటకీ లింకు అంటే షర్టు మీద లోగోనే గుర్తొస్తుంది. లివర్‌పూల్ ఎర్ర షర్టు మీద కార్ల్స్‌బర్గ్ (1992 నుంచి 2010 దాకా అదే), టాటెన్‌హామ్ మీద హోల్‌స్టెన్, న్యూకాజిల్ మీద బ్రౌన్ ఏల్. అది చూసి "ఆటలోకి మందు డబ్బు వచ్చి చెడగొట్టింది" అంటుంటారు. నాకు మాత్రం చరిత్ర తిరగేస్తే వ్యవహారం తలకిందులుగా కనిపిస్తుంది. బీరు వాళ్ళు ఆటలోకి తర్వాత రాలేదు, చాలాచోట్ల ఆటే వాళ్ళ పెరట్లో మొదలైంది. వాళ్ళు స్పాన్సర్లు కాకముందు ఇంటి ఓనర్లు, అద్దె తీసుకునేవాళ్ళు. లోగో వేసుకునే స్థితికి వచ్చారంటే అప్పటికే వాళ్ళ పట్టు సడలిందని అర్థం.

క్రికెట్‌తో మొదలెడదాం. 18వ శతాబ్దంలో హాంబుల్డన్ అనే ఊరి క్లబ్బు ఇంగ్లండ్‌లో పెద్ద పేరు, వాళ్ళు ఆడే మైదానం పక్కనే బ్యాట్ అండ్ బాల్ అనే సత్రం, దాన్ని నడిపింది ఆ టీములోనే ఆడే రిచర్డ్ నైరెన్. నాటింగ్‌హామ్‌లో అయితే ఇంకా సూటిగా ఉంటుంది కథ. విలియం క్లార్క్ అని ఒక తాపీ మేస్త్రీ, మంచి బౌలరు, ట్రెంట్ బ్రిడ్జ్ ఇన్ అనే పబ్ నడుపుతున్న వితంతువుని పెళ్ళి చేసుకుని 1838లో ఆ పబ్ వెనక ఖాళీ స్థలాన్ని క్రికెట్ గ్రౌండుగా మార్చాడు. అదే ఇవాళ్టి ట్రెంట్ బ్రిడ్జ్. 2007లో జహీర్ ఖాన్ బ్యాటింగ్ చేస్తుంటే పిచ్ మీద జెల్లీ బీన్స్ వేసిన గొడవ జరిగింది చూడండి, మనం టెస్ట్ గెలిచాం కూడా, ఆ గ్రౌండే. పబ్ ఇప్పటికీ అక్కడే ఉంది.

క్లార్క్ లెక్క ఏంటో ప్రత్యేకంగా చెప్పక్కర్లేదు. మన గోదావరి జిల్లాల్లో సంక్రాంతికి కోడిపందేల బరి పక్కన మందు ఎవరు అమ్ముకుంటున్నారో చూసినవాళ్ళకి చప్పున అర్థమైపోతుంది. జనం ఎక్కడ చేరితే దాహం అక్కడ.

అయితే పబ్ ఓనరు స్థాయి నుంచి బ్రూవరీ స్థాయికి ఇది ఎదగడానికి ఇంకో రెండు విషయాలు కలిసిరావాలి. ఒకటి శనివారం. 1850 ఫ్యాక్టరీ చట్టంతో బట్టల మిల్లుల్లో శనివారం మధ్యాహ్నం 2 గంటలకి పని ఆపాల్సి వచ్చింది, మెల్లగా మిగతా చోట్లా ఆ అలవాటు పాకింది, వారం కూలి చేతిలో, సగం రోజు ఖాళీ, మూడు గంటలకి మ్యాచ్. రెండోది టైడ్ హౌస్ పద్ధతి, అంటే పబ్బులని బ్రూవరీనే కొనేసి అందులో తన బీరే అమ్మించడం. పబ్ చుట్టూ జనం పెరిగితే లాభం నేరుగా బ్రూవరీకే పోతుంది కాబట్టి పబ్ పక్కన ఖాళీ జాగాలో ఏం వస్తుందన్నది బ్రూవరీకి చాలా పెద్ద ప్రశ్న అయిపోయింది.

లివర్‌పూల్ కథ ఇక్కడే. జాన్ హోల్డింగ్, బ్రూవరీ ఓనరు, కన్సర్వేటివ్ లీడరు, ఆ పేటలో ఆయన్ని "కింగ్ జాన్" అనేవాళ్ళు. ఎవర్టన్ క్లబ్బు 1884లో ఆన్‌ఫీల్డ్ గ్రౌండుకి మారింది ఆయన చలవతోనే. ఆ స్థలం మొదట జాన్ ఓరెల్ అనే ఇంకో బ్రూవర్‌ది. ఆటగాళ్ళు బట్టలు మార్చుకునేది నాలుగడుగుల దూరంలో హోల్డింగ్‌దే అయిన శాండన్ హోటల్‌లో. గ్రౌండులో తినడానికీ తాగడానికీ అమ్మే హక్కు కూడా ఆయనదే. టీము బాగా ఆడేకొద్దీ అద్దె పెరిగింది, 100 పౌండ్ల నుంచి 250 దాకా పోయింది. 1891లో ఎవర్టన్ లీగ్ ఛాంపియన్ అయింది, ఆ మరుసటి ఏడాదే గొడవ ముదిరింది.

ఇక్కడ తమాషా ఏంటంటే ఎవర్టన్ పుట్టింది ఒక మెథడిస్ట్ చర్చి టీముగా. అంటే చర్చి బిడ్డని బీరు వ్యాపారి పెంచాడన్నమాట. కమిటీలో చాలామంది లిబరల్ పార్టీ మనుషులు, మద్యపాన వ్యతిరేక ఉద్యమం వైపు మొగ్గినవాళ్ళు, ఎదురు తిరిగినవాళ్ళకి ముందు నిలబడ్డ జార్జ్ మాహన్ చర్చిలో ఆర్గాన్ వాయించే ఆయన. బయటికి అద్దె తగాదా, లోపల రాజకీయం, ఇంకా లోపల మందు మీద ఉన్న నైతిక పేచీ, మూడూ ఒకదాన్నొకటి రాజేసుకున్నాయి. 1892లో ఎవర్టన్ వాళ్ళు మూటాముల్లె సర్దుకుని గూడిసన్ పార్క్‌కి వెళ్ళిపోయారు. హోల్డింగ్ చేతిలో గ్రౌండు మిగిలింది, టీము లేదు. ఎవర్టన్ అన్న పేరు అయినా తనకి దక్కుతుందేమో అని చూశాడు, ఫుట్‌బాల్ అసోసియేషన్ ఒప్పుకోలేదు. సరే అని స్కాట్లండ్ నుంచి ఆటగాళ్ళని దింపి కొత్త క్లబ్బు పెట్టేశాడు, అదే లివర్‌పూల్. ప్రపంచంలో ఇంత మంది ప్రాణం పెట్టే క్లబ్బు ఖాళీగా పడున్న అద్దె జాగాలోకి ఎవరినైనా దింపాలన్న తొందరలో పుట్టిందంటే నవ్వొస్తుంది గానీ నిజం అదే. ఆయన 1902లో చనిపోయాక శవపేటికని రెండు క్లబ్బుల ఆటగాళ్ళూ మోశారంటారు.

అదే 1902లో ఇటు మాంచెస్టర్‌లో న్యూటన్ హీత్ అనే క్లబ్బు 2,670 పౌండ్ల అప్పుతో మూతపడబోతోంది. కెప్టెన్ హ్యారీ స్టాఫర్డ్‌కి మేజర్ అని ఒక సెయింట్ బెర్నార్డ్ కుక్క, చందాల కోసం పెట్టిన బజారు నుంచి అది తప్పిపోయి, చివరికి జాన్ హెన్రీ డేవిస్ అనే బ్రూవర్ కంటపడి, ఆయన కూతురికి అది నచ్చి, అలా పరిచయం పెరిగి క్లబ్బు బతికిందని చెప్పుకుంటారు. కుక్క కథలో ఉప్పూకారం ఎంత కలిసిందో గానీ డేవిస్ డబ్బు మాత్రం కల్పన కాదు. క్లబ్బు పేరు మాంచెస్టర్ యునైటెడ్ అయింది, 1908లో లీగు, 1909లో ఎఫ్ఏ (ఫుట్‌బాల్ అసోసియేషన్) కప్పు గెలిచింది, తర్వాత ఆయన ఇచ్చిన 60,000 పౌండ్లతో ఓల్డ్ ట్రాఫర్డ్ లేచింది. ఆ స్థలం కొన్నది ఆయన మాంచెస్టర్ బ్రూవరీ కంపెనీనే, క్లబ్బుకి లీజుకిచ్చింది. మళ్ళీ అదే, ఇంటి ఓనరు.

లండన్‌లో 1899 నాటి ఒప్పందం ఒకటుంది, అది చదివితే ఈ వ్యాపారం మొత్తం ఒక్క షరతులో కనపడుతుంది. టాటెన్‌హామ్‌లో వైట్ హార్ట్ పబ్ వెనక నర్సరీ తోటగా వాడిన స్థలం చారింగ్టన్ బ్రూవరీది. ఫుట్‌బాల్ క్లబ్బుకి ఇస్తాం గానీ ఫస్ట్ టీము మ్యాచ్‌కి కనీసం 1,000 మంది, రిజర్వ్ టీము మ్యాచ్‌కి 500 మంది జనం వస్తారని మాటివ్వాలి అన్నారు. గోల్స్ ఎన్ని కొడతారు, ఏ లీగులో ఆడతారు అని కాదు వాళ్ళు అడిగింది, ఎన్ని గొంతులు వస్తాయి అని.

ఆ చారింగ్టన్ కుటుంబంలోనే ఫ్రెడరిక్ అనే వారసుడు ఉండేవాడు. తమ ఇంటి పేరు బోర్డు మీదున్న పబ్ ముందు ఒక తాగుబోతు పెళ్ళాన్ని కొట్టడం చూసి, పది లక్షల పౌండ్లకి పైగా వచ్చే వాటా వదిలేసి, జీవితమంతా మందుకి వ్యతిరేకంగా తిరిగాడు. 1914లో యుద్ధం మొదలయ్యాక ఫుల్‌హామ్ గ్రౌండుకి వెళ్ళి, దేశం యుద్ధంలో ఉంటే ఆటలేంటని మాట్లాడబోతే పట్టుకుని బయటికి నెట్టేశారు. ఒకే ఇంటి పేరుతో ఒకవైపు ఫుట్‌బాల్ గ్రౌండుకి భూస్వామి, ఇంకోవైపు అదే ఫుట్‌బాల్ మైదానం నుంచి గెంటించుకున్న మనిషి.

ఇంత చెప్పాక ఒక డౌటు రావాలి. బీరు ఉంటే ఆట పెరిగేటట్టయితే, ఇంగ్లండ్ బీరుకి రాజధాని అయిన బర్టన్ ఆన్ ట్రెంట్‌లో పెద్ద క్లబ్బు ఎందుకు లేదు? బాస్, ఆల్‌సాప్ లాంటి దిగ్గజాలు అక్కడివే. నేలలో జిప్సం ఉండటం వల్ల అక్కడి నీళ్ళు లేత రంగు ఏల్ అనే రకం బీరుకి సరిగ్గా కుదిరాయి, 1820ల నుంచి ఆ బీరే పీపాల్లో ఓడలెక్కి మద్రాసుకీ కలకత్తాకీ వచ్చేది, ఇవాళ హైదరాబాద్ బ్రూ పబ్బుల మెనూలో ఐపీఏ అని రాస్తారే, ఇండియా పేల్ ఏల్, దాని వెనక కథ ఇదే. బాస్ ఎర్ర త్రికోణం 1876 జనవరి 1న బ్రిటన్‌లో రిజిస్టరైన మొట్టమొదటి ట్రేడ్‌మార్క్. అంత డబ్బున్న ఊళ్ళో స్విఫ్ట్స్, వాండరర్స్ అని రెండు క్లబ్బులు లీగులో ఆడి, 1901లో కలిసిపోయి, 1907లో లీగు నుంచే పోయాయి. ఇప్పటి బర్టన్ ఆల్బియన్, దాన్ని ముద్దుగా బ్రూవర్స్ అంటారు, 1950లో పుట్టింది, లీగులోకి 2009లో వచ్చింది. నా లెక్క ప్రకారం కారణం సింపుల్. ఊరు చిన్నది అన్నది ఎలాగూ ఉంది, దానితో పాటు బర్టన్ వాళ్ళ బీరు రైలెక్కి, ఓడెక్కి ఎక్కడెక్కడో అమ్ముడుపోయేది, శనివారం వీధి చివర పబ్‌లో ఎంతమంది చేరారన్నది వాళ్ళకి చిల్లర లెక్క. హోల్డింగ్‌కీ డేవిస్‌కీ అదే ప్రాణం. ఆటకి కావాల్సింది పక్క వీధి జనం మీద ఆధారపడ్డ బ్రూవర్, ఊరికే పెద్ద బ్రూవర్ అయితే చాలదు.

ఇప్స్‌విచ్ దీనికి మంచి ఉదాహరణ. కోబోల్డ్ కుటుంబం ఆ ఊరి బ్రూవర్లు, ఇవాన్ కోబోల్డ్ చొరవతో 1936లో క్లబ్బు ప్రొఫెషనల్ అయింది, ఆయన కొడుకు జాన్ ఛైర్మన్‌గా ఉండగా ఆల్ఫ్ రామ్సే 1962లో లీగు కొట్టించాడు, బాబీ రాబ్సన్‌ని 1969లో తెచ్చింది కూడా జానే. మేనేజర్లని చీటికీ మాటికీ పీకేయని క్లబ్బుగా దానికి పేరు. రామ్సే, రాబ్సన్ ఇద్దరూ తర్వాత ఇంగ్లండ్ టీముకి మేనేజర్లయ్యారు.

రెండో ప్రపంచ యుద్ధం తర్వాత సీను మారింది. చిన్న బ్రూవరీలని పెద్దవి మింగాయి, వాటికి ఇప్పుడు కావాల్సింది దేశమంతా తెలిసే పేరు, టీవీలో కనపడే పేరు. 1957లో విట్‌బ్రెడ్ కంపెనీ శాండౌన్ రేసుకోర్సులో విట్‌బ్రెడ్ గోల్డ్ కప్ పెట్టింది, బ్రిటన్ గుర్రప్పందేల్లో కంపెనీ స్పాన్సర్‌షిప్‌కి దాన్నే మొదలుగా చెబుతారు. కంపెనీ నడిపిన బిల్ విట్‌బ్రెడ్ కుర్రతనంలో స్వయంగా గ్రాండ్ నేషనల్ అనే పెద్ద రేసులో గుర్రం తోలినవాడు, కాబట్టి సరదా కొంత, వ్యాపారం ఎంతో. 1970లో వాట్నీ కప్ వచ్చింది. వాట్నీ వాళ్ళ రెడ్ బ్యారెల్ బీరంటే బీరు ప్రియులకి ఒళ్ళు మంట, నీళ్ళలా ఉందని తిట్టనివాడు లేడు, కానీ ఫుట్‌బాల్‌కి ఆ కంపెనీ కప్పు ఇచ్చిన బహుమతి పెనాల్టీ షూటౌట్, అంటే మ్యాచ్ డ్రా అయితే పెనాల్టీ కిక్కులతో గెలుపు తేల్చడం. ఆ ఏడాది ఆగస్టు 5న హల్ సిటీ మీద యునైటెడ్ ఆడిన మ్యాచ్‌లో ఇంగ్లండ్‌లో మొదటిసారి షూటౌట్ పెట్టారు, మొదట కొట్టింది జార్జ్ బెస్ట్, మొదట మిస్సయింది డెనిస్ లా. రగ్బీ యూనియన్‌లో క్లబ్బులకి పద్ధతైన లీగు అంటూ 1987 దాకా లేదు, అది వచ్చినప్పుడు దాని మీదున్న పేరు కరేజ్ బ్రూవరీది.

అంటే ఈ దశలో కూడా బీరు వాళ్ళు ఏదో ఒకటి కొత్తగా కట్టారు, పోటీ పెట్టారు, లీగు నిలబెట్టారు. తర్వాత అదీ పోయింది. 1985లో చట్టం వచ్చి ఫుట్‌బాల్ గ్రౌండులో పిచ్ కనిపించే చోట తాగడం నేరమైంది (క్రికెట్ ప్రేక్షకుడు మాత్రం సీట్లో కూర్చునే గ్లాసు ఎత్తొచ్చు, ఇదేం న్యాయమో ఫుట్‌బాల్ వాళ్ళు ఇప్పటికీ అడుగుతారు). 1989లో ప్రభుత్వం బీర్ ఆర్డర్స్ తెచ్చి ఒక్కో పెద్ద బ్రూవరీ చేతిలో వేలకి వేలు పబ్బులు ఉండకుండా కోత పెట్టింది. పబ్ చేజారాక గ్రౌండు పక్కన జనంతో బ్రూవరీకి సంబంధం ఏముంది? 1993 నుంచి ప్రీమియర్ లీగ్ ముందు కార్లింగ్ అని తన బీరు పేరు తగిలించుకున్న బాస్, 2000లో బీరు తయారీనే బెల్జియం కంపెనీకి అమ్మేసింది. విట్‌బ్రెడ్ కూడా ఆ కాలంలోనే బీరు వదిలేసి హోటళ్ళు, కాఫీ షాపుల వైపు పోయింది. బీరు వ్యాపారి పెట్టిన లివర్‌పూల్ డెన్మార్క్ బీరు పేరు మోసిందంటే అది యాదృచ్ఛికం కాదు, అప్పటికి ఇంగ్లండ్ బ్రూవర్ దగ్గర అంత సీను లేదు.

మన దగ్గర విజయ్ మాల్యా ఇదే పాఠం సగం నేర్చుకున్నాడు. 1998లో కలకత్తా క్లబ్బుల్లో వాటా కొని మెక్‌డోవెల్ మోహన్ బగాన్, కింగ్‌ఫిషర్ ఈస్ట్ బెంగాల్ అని పేర్లు పెట్టాడు, 2008లో 111.6 మిలియన్ డాలర్లకి బెంగళూరు టీము కొని విస్కీ పేరుని కాస్త సాగదీసి రాయల్ ఛాలెంజర్స్ అన్నాడు. టీవీలో మందు యాడ్లు నిషేధం కాబట్టి టీమే యాడ్ అయింది. గ్రౌండు మాత్రం ఆయన కట్టలేదు, చిన్నస్వామి స్టేడియం అంతకు ముందే ఉంది.

బ్రూవర్లు మహానుభావులని నేను అనడం లేదు. హోల్డింగ్ అద్దె పిండినవాడే, చారింగ్టన్ కంపెనీ తలలు లెక్కపెట్టిందే, ఆ శనివారం కూలి డబ్బులు ఇల్లు చేరకుండా పబ్‌లో ఆగిపోయిన ఇళ్ళు ఎన్నో. కానీ వాళ్ళ స్వార్థం ఒక స్థలానికి కట్టుబడి ఉంది, ఆ స్థలంలో స్టాండ్లు లేచాయి, వందేళ్ళు దాటినా ఆన్‌ఫీల్డ్‌లో, ఓల్డ్ ట్రాఫర్డ్‌లో ఇంకా ఆట ఆడుతున్నారు. టాటెన్‌హామ్ కొత్త స్టేడియంలో 2019లో ఒక చిన్న బ్రూవరీనే లోపల పెట్టారు, 65 మీటర్ల పొడవు బార్ కౌంటర్ ఉంది, 1899లో వెయ్యి మంది వస్తారా అని అడిగిన చోటే ఇదంతా.

బీరు ఖాళీ చేసిన కుర్చీలో కూర్చున్నది మాత్రం బెట్టింగ్. శాండౌన్ రేసే చూడండి, విట్‌బ్రెడ్ పేరు పోయాక బెట్‌ఫ్రెడ్ వచ్చింది, 2008 నుంచి అది బెట్365 గోల్డ్ కప్. బెట్టింగ్ కంపెనీకి పక్క వీధితో పని లేదు, పబ్‌తో పని లేదు, స్టేడియం నిండిందా ఖాళీగా ఉందా అన్నది కూడా అనవసరం, ఫోనులో వేలు కదిలితే చాలు. షర్టు ముందు వైపు నుంచి ఆ పేర్లు 2025-26 సీజన్ అయ్యేలోపు తీసేస్తామని 2023లో ప్రీమియర్ లీగ్ క్లబ్బులే ఒప్పుకున్నాయి. చేతి మీద మాత్రం ఉండొచ్చట.